మైండ్ యువర్ లాంగ్వేజ్‌లో మాస్టారు ఏమయ్యారు?

‘మైండ్ యువర్ లాంగ్వేజ్‌లో మాస్టారి వేషం వేసిన నటుడు తర్వాత పెద్దగా ఎందుకు కనిపించలేదు? నటన అంతగా రాకపోవడమేనా?’ అని అడిగారు. కానే కాదు. ఆయన పేరు బ్యారీ ఎవాన్స్. విదేశీయులకు ఇంగ్లీషు నేర్పే క్లాసు చుట్టూ తిరిగే ఆ బ్రిటిష్ టీవీ హాస్య సీరియల్‌లో మాస్టారు ఆయనే. ఆయనకు నేను రుణపడి ఉన్నాను.

డిగ్రీ అయ్యాక అమీర్‌పేటలో గది తీసుకుని ఇంగ్లీషు మాట్లాడటం నేర్చుకుంటున్న రోజుల్లో, మా మాస్టారు శనివారాలు ఆ సీరియల్ చూపించేవారు. తెలుగు మీడియంలో చదువుకున్న మేమంతా అందులోని విద్యార్థులు రంజీత్ సింగ్‌నూ, అలీనీ చూసి కడుపుబ్బ నవ్వేవాళ్లం. సీరియల్‌లోని మాస్టారిని ఎవరు పట్టించుకున్నారు? ఇప్పుడు అవే పాఠాలు నేను చెబుతున్నాను. ఇప్పుడు చూస్తే నా కళ్లు ఆయన మీదే ఆగుతాయి. విద్యార్థి తప్పు మాట్లాడుతుంటే ఓపికగా వింటారు. ఒక్క క్షణం కళ్లు మూసుకుని, మళ్లీ మొదలుపెడతారు. బుర్రకథలో హాస్యపు వంత మాట పేలాలంటే కథకుడు దాన్ని నిజంగానే విన్నట్టు ఉండాలి. ఎవాన్స్ చేసింది ఆ పనే. చప్పట్లు మాత్రం పక్కవారికి వెళ్లాయి.

1943లో ఇంగ్లండులోని గిల్డ్‌ఫర్డ్‌లో పుట్టారు. అనాథాశ్రమంలో పెరిగి, స్కాలర్‌షిప్పుతో లండన్‌లోని పేరున్న నాటక పాఠశాలలో చేరారు. పాతికేళ్లకే సినిమా హీరో. 1969లో మొదలైన ‘డాక్టర్ ఇన్ ద హౌస్’తో టీవీలో ఇంటింటికీ తెలిశారు. ఆ పసిముఖమే అవకాశాలు తెచ్చింది, ఆ ముఖమే తర్వాత అడ్డుపడింది. ముప్పై దాటినా కుర్రాడిలాగే కనిపిస్తే పెద్దరికం ఉన్న పాత్రలు ఎవరిస్తారు?

మైండ్ యువర్ లాంగ్వేజ్ 1977 నుంచి 1979 వరకు 29 భాగాలు వచ్చింది. విదేశీయుల యాసను చూసి నవ్వించడం తగదని ఛానల్ అధికారి మైకేల్ గ్రేడ్ ఆపించారు. ఆ అభ్యంతరంలో న్యాయం ఉందని నేనూ ఒప్పుకుంటాను. అందులో మన దేశపు విద్యార్థినిగా కనిపించే జమీలాను చూస్తే ఇప్పుడు నాకూ ఇబ్బందిగానే ఉంటుంది. 1986లో మరో 13 భాగాలు తీశారు కానీ, బ్రిటన్‌లో అన్ని ప్రాంతాల్లోనూ ప్రసారం కాలేదు. ఆ తర్వాత వేషాలు తగ్గిపోయి, లెస్టర్‌షైర్‌లో టాక్సీ నడుపుకున్నారు. 1976లో ఒక సినిమాలో ఆయన వేసింది టాక్సీ డ్రైవర్ వేషమే. ఆ సంగతి తెలిసిన రోజు నాకు మనసు పాడైపోయింది. 1997లో, 53 ఏళ్లకే చనిపోయారు.

మొన్న మా క్లాసులో ఒక గృహిణి ‘మావారు ఊళ్లో లేరు’ అని ఇంగ్లీషులో చెప్పబోయి, ఆయన కాలం చేశారన్న అర్థం వచ్చేలా చెప్పింది. వెనక బెంచీలో నవ్వు మొదలైంది. నేను ఒక్క క్షణం కళ్లు మూసుకుని, ఆమె మాట పూర్తయ్యేదాకా ఆగాను. రెండోసారి తనే సరిదిద్దుకుంది.