ఎఫ్4 సీటు కోసం ప్లాటు అమ్మాలా?

ప్రశ్న: నాకు హైదరాబాద్‌లో లారీ ట్రాన్స్‌పోర్ట్ వ్యాపారం ఉంది. ఇంటి ఖర్చులు, పన్నులు పోను నెలకు 5 లక్షల దాకా మిగులుతుంది. 2023 ఫిబ్రవరిలో హుస్సేన్‌సాగర్ ఒడ్డున జరిగిన ఫార్ములా ఇ (ఎలక్ట్రిక్ కార్ల రేసు) చూసొచ్చినప్పటి నుంచి మా అబ్బాయికి రేసింగే లోకం. కార్టింగ్ (చిన్న గో-కార్ట్‌ల రేసింగ్) బాగా చేస్తున్నాడు, జాతీయ పోటీల్లో మొదటి ముగ్గురిలో నిలిచి పోడియం కూడా ఎక్కాడు. త్వరలో 15 నిండుతాయి. యూరప్‌లో ఒక టీమ్ ఎఫ్4 (ఫార్ములా 4, కార్టింగ్ తర్వాత ఎక్కే మొదటి రేసు కారు) సీటు ఇస్తామంటోంది. సీజన్‌కు 3.5 లక్షల యూరోలు అడిగింది. 2011లో 30 లక్షలకు కొన్న ప్లాటు ఇప్పుడు 2.4 కోట్లు పలుకుతోంది. అది అమ్మి, చాలకపోతే ఇంటి మీద లోన్ తీసుకుందామని నా ఆలోచన. పెద్దమ్మాయి నీట్‌కి చదువుతోంది. మా ఆవిడ వద్దంటోంది. కొడుకు కెరీర్‌కి అడ్డుపడ్డానని రేపు అనిపించుకోకూడదని టెన్షన్‌గా ఉంది. వాడికి ఏం చెప్పమంటారు?

జవాబు: ప్లాటు అమ్మకండి. ఇంటిని తాకట్టు పెట్టకండి. అబ్బాయిని రేసింగ్ మాన్పించమని మాత్రం నేను అనడం లేదు. 14 ఏళ్లకే ఒక పని మీద ఇంత పట్టుదల ఉన్న పిల్లవాడు ఉండటం మీ అదృష్టం. నేను వద్దంటున్నది ఈ ఆఫర్‌ని, ఈ డబ్బుతో.

ముందు మీ లెక్కే చూద్దాం. ప్లాటు 2.4 కోట్లకు పోతే లాభం 2.1 కోట్లు. దీర్ఘకాలిక మూలధన లాభాల పన్ను 12.5 శాతం, దాని మీద సర్‌చార్జి, సెస్ కలిపితే దాదాపు 31 లక్షలు అవుతుంది. 2024 జులైకి ముందు కొన్న ప్లాటు కాబట్టి ఇండెక్సేషన్‌తో (కొన్న ధరను ద్రవ్యోల్బణం మేరకు పెంచి లెక్కేసి) 20 శాతం కట్టే వీలు కూడా మీకు ఉంది, కానీ మీ అంకెలకు అది ఇంకా ఎక్కువ పడుతుంది. ఇల్లు కొంటేనో, ప్రభుత్వం చెప్పిన బాండ్లలో పెడితేనో పన్ను తగ్గుతుంది. రేసింగ్‌కి పెడితే ఏ మినహాయింపూ లేదు. అంటే చేతికొచ్చేది 2.09 కోట్లు. యూరో 100 రూపాయల లెక్కన వేసుకున్నా టీమ్ అడిగింది 3.5 కోట్లు. ప్లాటు మొత్తం పోయినా మొదటి ఏడాదే గట్టెక్కదు.

విదేశాలకు డబ్బు పంపడానికి రిజర్వు బ్యాంకు పెట్టిన పరిమితి మనిషికి ఆర్థిక సంవత్సరానికి 2.5 లక్షల డాలర్లు. మీరు పంపాల్సింది అంతకు మించి ఉంది. ఒకే ఏడాదిలో పంపాలంటే ఇంట్లో ఇంకొకరి పేరు మీద, అంటే మామూలుగా మీ ఆవిడ పేరు మీద కూడా పంపాలి. ఆవిడ వద్దంటున్నారని రాశారు. ఆవిడ ఒప్పుకోలు లేకుండా ఇది అడుగు ముందుకు పడే పని కాదు, పడకూడదు కూడా. పైగా ఇలా పంపే డబ్బులో మనిషికి 10 లక్షలు దాటిన మొత్తం మీద బ్యాంకు 20 శాతం టీసీఎస్ (ముందుగానే వసూలు చేసే పన్ను) పట్టుకుంటుంది. ఇద్దరి పేరుతో 3.5 కోట్లు పంపితే 66 లక్షలు. అది పోయే డబ్బు కాదు, మీ పన్నులో సర్దుకోవచ్చు, మిగిలింది రీఫండ్ వస్తుంది. కానీ ఆవిడ పేరు మీద పట్టుకున్నది మీ పన్నుకి పనికిరాదు. రిటర్ను వేసి, రీఫండ్ వచ్చేదాకా ఆ డబ్బు మీ చేతిలో ఉండదు.

ఈ లోటంతా ఇంటి మీద లోన్‌తో పూడ్చాలి కదా. 2 కోట్లు, 10 శాతం వడ్డీ, 15 ఏళ్లు అనుకుంటే నెలకు 2.15 లక్షల ఈఎంఐ. మొత్తం కట్టేది 3.87 కోట్లు. అబ్బాయికి 30 ఏళ్లు వచ్చేదాకా మీరు ఒకే ఒక్క సీజన్‌కి వాయిదాలు కడుతూ ఉంటారు. డీజిల్ ధర పెరిగినా, పెద్ద కస్టమర్ ఒకరు చెయ్యిచ్చినా ఆ ఈఎంఐ ఆగదు.

ఇంత చేసి ఎక్కేది మొదటి మెట్టు. ఎఫ్4 తర్వాత ఫార్ములా రీజనల్, ఆ తర్వాత ఎఫ్3, ఎఫ్2, అన్నిటికంటే పైన ఎఫ్1. యూరప్ రేసింగ్ టీమ్‌ల దగ్గర సాధారణంగా వినిపించే అంకెలు చూస్తే, మన రూపాయల్లో ఎఫ్4 సీజన్‌కు 3 నుంచి 5 కోట్లు, రీజనల్‌కు 6 నుంచి 10, ఎఫ్3కి 10 నుంచి 12, ఎఫ్2కి 20 నుంచి 30 కోట్లు. ఒక్కో మెట్టు మీద ఒక్కో ఏడాదే ఉన్నా, తక్కువలో తక్కువ వేసుకున్నా 39 కోట్లు. ఒక్క ఏడాదిలో మెట్టు దాటేవాళ్లు చాలా తక్కువ. ఆ తక్కువ అంకెల్లోనే చూసినా, ప్రతి మెట్టూ కింద పెట్టిన ఖర్చంతా కలిపినా దాటేంత ఉంటుంది. అందుకే మొదటి ఏడాది డబ్బు ఎక్కడి నుంచి తేవాలి అన్నది ఇక్కడ అసలు ప్రశ్న కాదు. రెండో ఏడాది డబ్బు ఎవరిస్తారు? దీనికి జవాబు లేకుండా మొదటి ఏడాది కట్టిన తల్లిదండ్రులే ఎక్కువగా నష్టపోతారు. సీజన్ మధ్యలో వాయిదా ఆగితే సీటు ఇంకో డ్రైవర్‌కి వెళ్లిపోతుంది, అప్పటిదాకా కట్టింది తిరిగి రాదు.

పై వరకు వెళ్లినవాళ్లు ఎలా వెళ్లారో కూడా చూడండి. ఎఫ్1 ఛాంపియన్ హామిల్టన్ తండ్రి రెండు మూడు ఉద్యోగాలు చేసి కార్టింగ్ చేయించారు, నిజమే. కానీ 1998లో, కుర్రాడికి 13 ఏళ్లున్నప్పుడే ఎఫ్1 టీమ్ మెక్‌లారెన్ చేయందుకుంది. ఫ్రాన్స్ డ్రైవర్ ఒకాన్ తల్లిదండ్రులు ఇల్లమ్ముకుని కారవాన్‌లో బతికారు. ఆ కథ అందరికీ తెలుసు, ఎందుకంటే ఆ కుర్రాడు ఎఫ్1 దాకా చేరాడు. ఇల్లమ్మినా చేరనివాళ్ల కథలు మన దాకా రావు. మనవాళ్లలో జెహాన్ దారువాలా 2011లో ఎఫ్1 టీమ్ ఫోర్స్ ఇండియా జరిపిన ఎంపిక పోటీలో నెగ్గి పైకొచ్చాడు, తర్వాత రెడ్‌బుల్ టీమ్ జూనియర్ డ్రైవర్ అయ్యాడు, ఎఫ్2లో రేసులు గెలిచాడు. ఎఫ్1 సీటు రాలేదు, ఫార్ములా ఇకి వెళ్లాడు. బెంగళూరు కుర్రాడు కుష్ మైని 2025లో మొనాకోలో ఎఫ్2 స్ప్రింట్ (చిన్న) రేసు గెలిచాడు, అప్పటికి ఎఫ్1 టీమ్ ఆల్పీన్ అకాడమీ తోడు ఉంది, వెనక పారిశ్రామిక కుటుంబమూ ఉంది.

టైటిల్ గెలిస్తే సీటు ఖాయమనీ లేదు. 2022 ఎఫ్2 ఛాంపియన్ డ్రుగోవిచ్, 2023 ఛాంపియన్ పూర్షేర్, ఇద్దరూ ఎఫ్1లో రిజర్వు డ్రైవర్లుగానే మిగిలారు. ఎఫ్1 లైసెన్సుకు కింది మెట్ల మీద మూడేళ్లలో 40 పాయింట్లు తెచ్చుకోవాలి. ఎఫ్4 ఛాంపియన్‌కు వచ్చేది 12, ఎఫ్3 ఛాంపియన్‌కు 30, ఎఫ్2లో మొదటి ముగ్గురికి 40. లైసెన్సు అర్హత ఉన్నవాళ్లంతా పోటీపడేది 2026లో 11 టీమ్‌ల 22 సీట్ల కోసం. మన దేశం నుంచి ఇప్పటిదాకా ఎఫ్1 రేసులో నడిపింది ఇద్దరే, 2005లో నరైన్ కార్తికేయన్, 2010లో కరుణ్ చందోక్.

ఇది చదివి నిరుత్సాహపడకండి. రేసింగ్‌లో బతుకు ఎఫ్1 ఒక్కటే కాదు. కుష్ అన్న అర్జున్ మైని 2018లో ఎఫ్2 నడిపి, ఆ మెట్ల మీదే ఉండిపోకుండా స్పోర్ట్స్ కార్ల వైపు మళ్లాడు. జర్మనీలో డీటీఎమ్ అనే స్పోర్ట్స్ కార్ల రేసు సిరీస్‌లో మెర్సిడెస్, తర్వాత ఫోర్డ్ నడుపుతూ పేరు తెచ్చుకున్నాడు. మీ అబ్బాయికి నేను మనసులో పెట్టుకున్న లక్ష్యం అలాంటిది. దానికి దారి ఇక్కడి నుంచే మొదలవుతుంది.

నా సూచన ఇది. నెలకు 1.25 లక్షలు, రెండేళ్లు, వేరే ఖాతాలో. మొత్తం 30 లక్షలు. తిరిగి రాని డబ్బనే అనుకుని పెట్టండి. ఇది పెట్టుబడి కాదు. అమ్మాయి చదువు కోసం ముందే విడిగా డిపాజిట్ చేయండి, రేసింగ్ ఖాతా ఖాళీ అయినా దాని జోలికి పోకూడదు. నీట్‌లో కన్వీనర్ కోటా సీటు వస్తే సరే, రాకపోతే ఆ ఖర్చు ఎంతో మీకు తెలుసు. ఇంట్లో ఇద్దరు పిల్లలు ఉన్నప్పుడు ఒకరి కల రెండోవారి ఫీజు మీద నడవకూడదు.

ఈ 30 లక్షల్లో ఒక ఏడాది జాతీయ కార్టింగ్, ఆ తర్వాత కోయంబత్తూరు కరి మోటార్ స్పీడ్‌వేలో నడిచే ఫార్ములా ఎల్‌జీబీ4. మారుతి ఇంజన్ కార్లు, అందరికీ ఒకే రకం, కాబట్టి ఎవరి చేతిలో ఎంత పనితనం ఉందో దాచలేరు. దాని తర్వాత 2023లో మొదలై చెన్నై, కోయంబత్తూరు ట్రాక్‌ల మీద జరుగుతున్న భారత ఎఫ్4. అదీ ఎఫ్ఐఏ (ప్రపంచ మోటార్ క్రీడల సంఘం) గుర్తింపు ఉన్నదే, విదేశీ కుర్రాళ్లూ వచ్చి నడుపుతున్నారు. యూరప్‌తో పోలిస్తే ఖర్చు చాలా తక్కువ. అయినా ఆ మెట్టుకు వచ్చేసరికి సగమైనా స్పాన్సర్ నుంచి రావాలి.

వాడిలో సత్తా ఎంతుందో పోడియం ఫొటోలో తెలియదు. సెషన్ అయ్యాక ఇంజనీర్ లాప్‌టాప్‌లో డేటా తీస్తాడు. గ్రాఫ్‌లో మీ అబ్బాయి గీత, టీమ్‌మేట్ గీత ఒకదాని మీద ఒకటి వేసి చూపిస్తాడు. ఏ మలుపు దగ్గర ఎవరు ఎన్ని మీటర్ల ముందు బ్రేక్ వేశారో, యాక్సిలరేటర్ మీద కాలు ఎక్కడ సందేహించిందో అందులో కనిపిస్తుంది. పక్కన కూర్చుని అది అర్థం చేసుకోండి. అదే కారు, అదే టైరు ఉన్న టీమ్‌మేట్ కంటే క్వాలిఫయింగ్‌లో (రేసులో ఎవరు ముందు నిలబడాలో తేల్చే రౌండ్‌లో) వరసగా ముందుంటున్నాడా? వర్షంలోనూ ఉంటున్నాడా? కొత్త ట్రాక్‌లో ఎన్ని ల్యాప్‌లలో ఆ వేగం అందుకుంటున్నాడు? స్పాన్సర్లు, అకాడమీలు చూసేది ఇదే.

ఆ టీమ్ పంపిన కొటేషన్ మళ్లీ తీయండి. 3.5 లక్షల యూరోలలో ఏముందో కాదు, ఏం లేదో చూడండి. టెస్ట్ డేస్ ఎన్ని? టైర్లు ఎన్ని సెట్లు? క్రాష్ డ్యామేజ్ ఎవరి ఖాతా? మామూలుగా డ్రైవర్ ఖాతాయే. ఫ్రంట్ వింగ్ విరిగినా, సస్పెన్షన్ వంగినా బిల్లు మీకే వస్తుంది, తప్పు పక్కవాడిదైనా సరే. విమాన టికెట్లు, బస, మీలో ఒకరు వెంట ఉండటం, మామూలుగా ఇవేవీ అందులో ఉండవు. మైనర్ కాబట్టి ఒప్పందం మీద సంతకం మీదే, బాకీ మీదే. అడ్వాన్స్ ఏ పరిస్థితుల్లో తిరిగిస్తారో రాతపూర్వకంగా లేకపోతే ఒక్క యూరో కూడా పంపకండి.

మీ కంపెనీ పేరు కారు మీద వేయించి, ఆ ఖర్చు వ్యాపార ఖాతాలో చూపిద్దామని ఎవరైనా సలహా ఇవ్వొచ్చు. యజమాని కొడుకు ఆట ఖర్చు వ్యాపారానికి నిజంగా ఉపయోగపడిందని మీరు రుజువు చేయలేకపోతే అధికారి దాన్ని సొంత ఖర్చు కింద కొట్టేస్తారు. బయటి స్పాన్సర్‌ని వెతకండి. టైర్లు, లూబ్రికెంట్లు, బ్యాటరీలు అమ్మే డీలర్లందరితో మీకు రోజూ పని ఉంటుంది. చాలామంది తల్లిదండ్రులకు లేని పరిచయాలు అవి. వాళ్లిచ్చే డబ్బు అబ్బాయి నైపుణ్యానికి వచ్చింది అయితే అది మీ ఆదాయంలో కలవదు, వాడి పేరు మీదే రిటర్ను వేయొచ్చు. పాన్ ఇప్పుడే తీయించండి.

వచ్చే రేసు లోపు చేయాల్సిన పని ఒకటుంది. మీ హెల్త్ పాలసీ తీసి మినహాయింపుల పేజీ చదవండి. ప్రొఫెషనల్‌గా ప్రమాదకరమైన క్రీడల్లో పాల్గొని గాయపడితే చెల్లించబోమని ఉంటుంది, ఆ జాబితాలో మోటార్ రేసింగ్ పేరు పెట్టి మరీ రాసి ఉంటుంది. పర్సనల్ యాక్సిడెంట్ పాలసీలలోనూ మామూలుగా రేసింగ్‌కి కవర్ ఉండదు. నిర్వాహకులు, ఎఫ్‌ఎమ్‌ఎస్‌సీఐ (మన దేశ మోటార్ క్రీడల సమాఖ్య) లైసెన్సు ద్వారా ఎంత బీమా ఉందో రాతలో అడగండి, చాలకపోతే రేసింగ్‌కి పనికొచ్చే పాలసీ విడిగా తీసుకోండి. మీ పేరు మీద కూడా మంచి టర్మ్ పాలసీ ఉండాలి. ఈ ఇల్లు, ఈ ఆట, ఆ అమ్మాయి చదువు అన్నీ మీ ఒక్కరి సంపాదన మీదే ఉన్నాయి.

ఆగాల్సిన చోటు కూడా ఇప్పుడే రాసుకోండి. 17 నిండేసరికి అకాడమీ గానీ, స్పాన్సర్ గానీ తర్వాతి సీజన్ ఖర్చులో సగం భరించకపోతే సొంత డబ్బుతో పై మెట్టు ఎక్కించరు. అప్పటికి పది, ఇంటర్ చేతిలో ఉండాలి, స్కూలు కుదరకపోతే ఓపెన్ స్కూల్ అయినా సరే. డేటా చదవడం వచ్చిన కుర్రాడు ఇంజనీరింగ్ చేస్తే రేసింగ్ టీమ్‌లలో వేరే తలుపులు తెరుచుకుంటాయి.

చివరగా, వాడికి ఏం చెప్పాలని అడిగారు కదా. ఉన్నది ఉన్నట్టు చెప్పండి. 14 ఏళ్ల పిల్లవాడికి 30 లక్షలు అంటే ఏమిటో, 39 కోట్లు అంటే ఏమిటో అర్థమవుతుంది. ఈ వారంలో ఒక రాత్రి మీ నలుగురూ కూర్చోండి, అమ్మాయినీ పిలవండి. నెలకు ఎంత, ఎన్ని నెలలు, ఎప్పుడు ఆగుతాం అన్నది ఒక కాగితం మీద వాడి చేతే రాయించండి, మీ ఆవిడ చదివి సరే అన్నాకే ఆ ఖాతా తెరవండి.