గోడ యజమాని తన గోడపై ఉన్న చిత్రాన్ని ఇష్టం వచ్చినప్పుడు చెరిపేయవచ్చా?

అమెరికాలో అన్ని సందర్భాల్లోనూ చెరిపేయడానికి వీల్లేదు. కళగా విలువైనదని గుర్తింపు పొందిన చిత్రమైతే, గోడ ఎవరిదైనా సరే, దాన్ని ధ్వంసం కాకుండా కాపాడుకునే హక్కు కళాకారుడికి ఉంటుంది. 1990 నాటి దృశ్య కళాకారుల హక్కుల చట్టం గోడపై యాజమాన్యాన్ని, చిత్రంపై కళాకారుడికి ఉండే ఈ 'నైతిక హక్కు'ను వేర్వేరుగా చూస్తుంది.

న్యూయార్క్‌లోని క్వీన్స్‌లో, రైల్లోంచి కనిపించే 'ఫైవ్ పాయింట్జ్' అనే పాత ఫ్యాక్టరీ గోడల నిండా యజమాని అనుమతితోనే ఏళ్ల తరబడి బొమ్మలు వేశారు. 2013 నవంబరులో ఆయన ముందస్తు నోటీసు లేకుండా రాత్రికి రాత్రే వాటిపై తెల్లరంగు పూయించారు. ఆ పూత ఎంత పలచనంటే, కింది బొమ్మలు లీలగా కనిపిస్తూనే ఉండేవి. 45 చిత్రాలకు ఒక్కోదానికి లక్షా 50 వేల డాలర్ల చొప్పున 21 మంది కళాకారులకు 67.5 లక్షల డాలర్లు చెల్లించాలని 2018లో కోర్టు తీర్పునిచ్చింది. 2020లో అప్పీలు కోర్టు దాన్ని సమర్థించింది.

వీధి చిత్రం ఎలాగూ తాత్కాలికమే కనుక దానికి రక్షణ ఉండదని చాలామంది అనుకుంటారు. నిజానికి యజమాని తరఫు వాదన కూడా దాదాపు ఇదే, కానీ తాత్కాలికమైన కృతికి కూడా గుర్తింపు ఉండవచ్చని అప్పీలు కోర్టు స్పష్టం చేసింది. అయితే కళాకారుడు ఆ హక్కును వదులుకుంటూ ముందే రాసి సంతకం చేసి ఉంటే మాత్రం యజమానికి అడ్డు ఉండదు.