నీళ్ల చదువు చదివితే ఉద్యోగం వస్తుందా?

ప్రశ్న: మాది నర్సంపేట దగ్గర పల్లె. పాకాల చెరువు కింద వ్యవసాయం. మా అమ్మాయి ఇంటర్ ఎంపీసీ రెండో సంవత్సరం. చెరువులు, నీటి సరఫరా గురించి చదువుతానంటోంది. కంప్యూటర్స్ వదిలి ఇదేం చదువని చుట్టాలు అంటున్నారు. ఏం చేయమంటారు?

జవాబు: చదవనివ్వండి. అయితే 'వాటర్' అని పేరున్న బీటెక్ కోసం వెతక్కండి. ఎప్‌సెట్‌లో సివిల్ తీసుకుంటే చాలు. నీటిపారుదల శాఖ ఏఈఈ (అసిస్టెంట్ ఎగ్జిక్యూటివ్ ఇంజినీర్) పోస్టులకు ప్రధానంగా అడిగేది అదే. తర్వాత ఎంటెక్ ప్రవేశ పరీక్ష గేట్ రాస్తే మన వరంగల్ ఎన్‌ఐటీలోనే నీటి వనరుల మీద ఎంటెక్ చేయొచ్చు.

ఈ రంగంలో ఏ పనులుంటాయో మీ పాకాలనే చూపించి చెప్పొచ్చు. పెద్ద వానొస్తే చెరువులోకి ఎంత వరద వస్తుంది, మత్తడి (అలుగు) దాన్ని తట్టుకుంటుందా అని లెక్కగట్టేది హైడ్రాలజీ. తూము వదిలాక చివరి మడిదాకా నీళ్లు పారేలా చూసేది ఇరిగేషన్. ఒకప్పుడు ఊళ్లో పొలాలకు నీళ్లు వదిలే నీరటికాడు చూసిన పనే, ఇప్పుడు పెద్ద కాలువల మీద ఇంజినీర్లు చూస్తున్నారు. చుట్టూ ఉన్నది అభయారణ్యం కదా, ఎండాకాలంలో జంతువులకు ఎంత నీరు మిగలాలో చూసేది పర్యావరణం చదివినవాళ్లు. బోర్ల సంగతి వేరు. రాళ్లు, నేల మీద ఆసక్తి ఉంటే జియాలజీలో ఎమ్మెస్సీ దాకా చదివి, యూపీఎస్సీ జియో సైంటిస్ట్ పరీక్షతో కేంద్ర భూగర్భ జల మండలిలోకి వెళ్లొచ్చు. పొలం వైపే మనసుంటే సంగారెడ్డి దగ్గర కందిలో అగ్రికల్చరల్ ఇంజినీరింగ్ కాలేజీ ఉంది.

ఇందులోనూ కంప్యూటర్ ఉందని చుట్టాలకు చెప్పండి. పైపుల్లో ప్రెషర్ లెక్కకు ఎపానెట్, వరద ఎంతదూరం వస్తుందో చూడటానికి హెక్‌రాస్, మ్యాపులకు క్యూజీఐఎస్ వాడతారు. మూడూ ఉచితమే, బీటెక్‌లోనే నేర్చుకోవచ్చు. 2023 జులైలో వరంగల్ కాలనీలు మునగడం చూసినవాళ్లకు ఈ లెక్కలెందుకో వేరే చెప్పక్కర్లేదు.

ఇబ్బందులూ ఉన్నాయి. సర్కారు నోటిఫికేషన్లు ఏటా రావు. ప్రైవేటు కన్సల్టెన్సీల్లో మొదటి జీతం సాఫ్ట్‌వేర్ కంటే తక్కువే ఉంటుంది, సైట్ మీద ఎండలో నిలబడాలి. ఇవన్నీ అమ్మాయికి ఇప్పుడే చెప్పండి. విన్నాక కూడా అదే కావాలంటే ఇక టెన్షన్ పడకండి.

కౌన్సెలింగ్‌లో కాలేజీల ఆప్షన్లు పెట్టేముందు ఒకటి రెండు కాలేజీలకు వెళ్లి హైడ్రాలిక్స్ ల్యాబ్ తెరిపించి చూడండి. పంపుల మీద దుమ్ము పేరుకుని ఉంటే, ఆ కాలేజీని లిస్టులో కిందికి జరపండి.