బురదలో పడ్డ మనిషి

అమ్మాయీ,

హాలీవుడ్ క్యారెక్టర్ ఆర్టిస్టు ఎలీషా కుక్ జూనియర్ మీద నువ్వు పంపిన వ్యాసం రాత్రి చదివాను. ముందు తగాదా తీర్చుకుందాం. మొదటి పేరాలోనే ‘గుర్తింపుకు నోచుకోని అభాగ్యుడు’ అన్నావు. ఆ మాట కొట్టెయ్. షూటింగ్ లేని రోజుల్లో ఆయన సియెర్రా నెవాడా కొండల్లో చేపలు పట్టుకుంటూ ఉండేవాడు. వేషం ఉంటే హాలీవుడ్ వాళ్లే కొండ మీదికి మనిషిని పంపి కబురు చేసేవాళ్లని దర్శకుడు జాన్ హ్యూస్టన్ చెప్పేవాడు. నాకైతే అసూయగా ఉంది.

కుర్రతనంలో నేనూ ఒక క్యారెక్టర్ ఆర్టిస్టు మీద ఇలాగే కన్నీళ్లు కార్చి రాశాను. ఆయన అది చదివి ఇంటికి పిలిచి భోజనం పెట్టాడు. విస్తరి ముందు తలెత్తలేకపోయాను.

రెండో పేజీ అంతా సినిమాల పట్టికే. 1903లో పుట్టుక, 1995లో చావు, మధ్యలో పేర్లు. రేషన్ కార్డు చదివినట్టుంది. ‘ది మాల్టీస్ ఫాల్కన్’ (1941)లో కుర్ర రౌడీ వేషం గురించి అందరూ రాశారు, ఒక్క వాక్యంలో దాటెయ్.

‘షేన్’ (1953) దగ్గర ఆగు. వీధంతా బురద. పైన చెక్క వసారా మీద కిరాయి హంతకుడి వేషంలో జాక్ పాలెన్స్ తీరిగ్గా చేతికి గ్లవ్ తొడుక్కుంటుంటాడు. కింద బురదలో జారుతూ కుక్, టోరీ అనే రైతు వేషంలో. అవమానం పడలేక తుపాకీ తీయబోతాడు. అప్పటికే అవతలి తుపాకీ గురిపెట్టి ఉంది. ఒక్క క్షణం ఏమీ జరగదు. ఆ తర్వాతే పేలుతుంది. మనిషి కూలబడడు, ఎవరో గుంజినట్టు వెనక్కి ఎగిరిపడతాడు. నిజంగానే గుంజారు: దర్శకుడు జార్జ్ స్టీవెన్స్ ఆయన ఒంటికి తీగ కట్టించి లాగించాడు. తీగ సంగతి రాయి, కానీ అంతకుముందు ఆయన మొహం కూడా రాయి. చచ్చిపోతానని తెలిసిపోయింది, రోషం మాత్రం ఇంకా దిగలేదు. ఆ మొహానికి తీగ కట్టినవాడెవడూ లేడు.

‘ది బిగ్ స్లీప్’ (1946)లోనూ అంతే. ప్రేమించిన మనిషి ఆచూకీ ఒక హంతకుడు అడిగితే తప్పుడు అడ్రస్ చెప్పి, వాడిచ్చిన విషం కలిపిన విస్కీ తాగి పోతాడు. ఆ రెండు చావులూ పక్కపక్కన పెట్టి చూడు. పట్టిక అక్కర్లేదు.

‘ది కిల్లింగ్’ (1956)లో పెళ్లాం చేత మాటలు పడే క్యాషియర్ గురించి నువ్వు రాసిన నాలుగు లైన్లు బాగున్నాయి, ముట్టుకోకు.

సోమవారంలోగా ఆ బురద సీను ఇంకో రెండుసార్లు చూసి, టోరీ తుపాకీ ఎంతవరకు పైకి లేచిందో రాసి పంపు.

ఆశీస్సులతో,
మీ మాస్టారు