పాఠకుల ప్రశ్న: చోమోన్ దర్శకుడా, కెమెరామనా?

ప్రశ్న: మాది కావలి. పెళ్లిళ్లకు వీడియోలు తీస్తుంటాను. స్పెయిన్ దర్శకుడు సెగుందో ద చోమోన్ తీసిన మూకీ చిత్రం ఒకటి ఈమధ్య ఫోన్‌లో చూశాను. హోటల్ గదిలో బ్రష్షులు వాటంతటవే బూట్లు తుడుస్తాయి, పెట్టెలోని బట్టలు సొరుగుల్లోకి వెళ్లిపోతాయి. ఆయన ఫ్రాన్స్ దర్శకుడు మెలియెస్‌ను అనుకరించారంతే అని ఒకచోట చదివాను. నిజమేనా? ఇంతకీ ఆయన్ని దర్శకుడనాలా, కెమెరామన్ అనాలా?
— ఒక పాఠకుడు

జవాబు: అనుకరణ అన్న మాటలో కొంత నిజం ఉంది. 1871లో తెరువేల్ పట్టణంలో పుట్టిన చోమోన్ చేత పారిస్‌లోని పాథే కంపెనీ మెలియెస్ మాయాచిత్రాలకు దీటైనవి తీయించుకుంది. 1902లో మెలియెస్ తీసిన చంద్రయాత్ర చిత్రాన్ని చోమోన్ 1908లో దాదాపు అదే వరుసలో మళ్లీ తీశారు కూడా. అయితే ఆ ఒక్క చిత్రాన్ని పట్టుకుని మనిషినంతటినీ తూచడం న్యాయం కాదని నా అభిప్రాయం.

ఆయన పని ఫిల్ముకు రంగులద్దడంతో మొదలైంది. మన నెల్లూరు బియ్యం బస్తాల మీద మిల్లు పేరు వేయడానికి అక్షరాలు తొలిచిన రేకు పెట్టి సిరా పూస్తారు కదా, పాథే వారి రంగుల పద్ధతి కూడా అటువంటిదే. రంగు పడవలసిన మేరకు ప్రతి ఫ్రేములోనూ ఫిల్మును కోసి, ఒక్కో రంగుకు ఒక్కో అచ్చు తయారుచేసి, దాని మీదుగా రంగు అద్దేవారు. బొమ్మను ఫ్రేము ఫ్రేముగా చూసే కన్ను ఆయనకు ఈ పనిలోనే అలవడిందని నేను నమ్ముతాను.

మీరు చూసిన చిత్రం 'ఎల్ హోటల్ ఎలెక్త్రికో', 1908 నాటిది. అందులోని దంపతులు చోమోన్, ఆయన భార్య జూలియన్ మత్యూ. బ్రష్షును వీసమెత్తు జరపడం, ఒక ఫ్రేము తీయడం, మళ్లీ జరపడం: సెకనుకు 16 ఫ్రేముల చొప్పున లెక్కవేస్తే నిమిషం బొమ్మకు 960 సార్లు. మార్కస్ బార్ట్‌లీ కెమెరా ముందు ఘటోత్కచుడి నోట్లోకి లడ్డూలు ఎగిరిన 'మాయాబజార్' 1957లో వచ్చిందని గుర్తు చేసుకుంటే ఆ పని ఎంత ముందుదో తెలుస్తుంది.

నాకు అంతకంటే ఇష్టమైనది 1907లో ఆయన తీసిన కిరికి గారడీవాళ్ల చిత్రం. జపాన్ వేషాల్లో ఉన్నవాళ్లు ఒకరి మీద ఒకరు నిలబడతారు, ఆ బరువంతా కింద ఒక చిన్న పిల్లవాడు మోస్తున్నట్టు కనిపిస్తుంది. నిజానికి వాళ్లంతా నల్లని నేల మీద పడుకుని ఉన్నారు. కెమెరాను పైనుంచి కిందికి తిప్పి పెట్టారు. కెమెరా ఎక్కడ పెట్టాలో తేలితే తప్ప ఇందులో దర్శకత్వం అనేదే లేదు. అందుకే మీ రెండో ప్రశ్నకు నా జవాబు: ఆయన విషయంలో ఆ రెండింటినీ విడదీయలేము.

1912లో ఆయన ఇటలీలోని ట్యూరిన్‌కు వెళ్లి ఇతాలా కంపెనీలో చేరారు. అక్కడ పాస్ట్రోనే దర్శకత్వం వహించిన 'కబీరియా'కు (1914) పనిచేసిన కెమెరామెన్‌లలో ఆయన ఒకరు. ఎట్నా అగ్నిపర్వతం బద్దలయ్యే దృశ్యాల మాయలోనూ ఆయన చెయ్యి ఉంది. తర్వాత ఆబెల్ గాన్స్ 'నెపోలియన్'కు (1927) కూడా పనిచేసి, 1929లో పారిస్‌లో కన్నుమూశారు. ఇతరుల పేరు మీద వెలిగిన చిత్రాల్లో ఆయన శ్రమ కలిసిపోవడం నాకు బాధ కలిగిస్తుంది.

మీరు పెళ్లి మండపంలో కెమెరాను పట్టాల మీద జరుపుతుంటారు గనుక 'కబీరియా' తప్పక చూడండి. చక్రాల బండి మీద కెమెరా ఐమూలగా, చూసేవారికి తెలియనంత నెమ్మదిగా మనుషుల వైపు జరుగుతుంది.