75 లక్షల ఫ్లాటు చివరికి ఎంతకు పడుతుంది?

ప్రశ్న: మేం హైదరాబాద్ నిజాంపేటలో అద్దెకు ఉంటున్నాం. అద్దె 17 వేలు. బాచుపల్లి వైపు కడుతున్న అపార్ట్‌మెంటులో 75 లక్షలకు ఒక ఫ్లాటు నచ్చింది. రెండేళ్లలో ఇస్తామంటున్నారు. మా వారికి 36 ఏళ్లు, ప్రైవేటు కంపెనీలో ఉద్యోగం, చేతికి 80 వేలు వస్తాయి. నేను ప్రైవేటు స్కూల్లో టీచర్ని, 45 వేలు. దాచుకున్నది 20 లక్షలు ఉంది. ఒక హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ 8.5 శాతానికి 60 లక్షలు ఇస్తానంది. 20 ఏళ్లయితే ఈఎంఐ 52 వేలు, 30 ఏళ్లయితే 46 వేలు. ‘30 ఏళ్లు పెట్టుకోండి మేడం, తేలిగ్గా ఉంటుంది’ అంటున్నారు. ఏది మంచిది? అసలు ఈ ఇల్లు మాకు ఎంతకు పడుతుంది?

జవాబు: మీరు చివర్లో అడిగినదే ముందు అడగాల్సిన ప్రశ్న. చాలామంది ‘ఈఎంఐ ఎంత’ దగ్గరే ఆగిపోతారు. అందుకే ముందు దానికే జవాబు చెప్తాను. మీరు చెప్పిన వివరాలతో 20 ఏళ్ల గడువు పెడితే ఈ ఫ్లాటుకు మీ చేతి నుంచి వెళ్లేది సుమారు 1 కోటి 54 లక్షలు. 30 ఏళ్లు పెడితే 1 కోటి 95 లక్షలు. ఇందులో వుడ్‌వర్క్ లేదు, మెయింటెనెన్స్ లేదు, ఆస్తి పన్ను లేదు.

ఎలాగో చూద్దాం. ఫ్లాటు ధర 75 లక్షలు. కడుతున్న ఫ్లాటు కాబట్టి 5 శాతం జీఎస్టీ, అంటే 3 లక్షల 75 వేలు. తెలంగాణలో స్టాంపు డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు అన్నీ కలిపి 7.5 శాతం. 75 లక్షల మీద అది 5 లక్షల 62 వేలు. మీ టెన్షన్ అసలు ఇక్కడే మొదలవుతుంది, కానీ ఆ సంగతి మీకెవరూ చెప్పినట్టు లేరు. ఇంటి లోన్ 30 లక్షలు దాటి 75 లక్షల లోపు ఉంటే, ఆస్తి విలువలో 80 శాతానికి మించి ఇవ్వకూడదన్నది నిబంధన. ఆ విలువలో స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఖర్చులు కలపరు. అంటే మీ వాటా 15 లక్షలతో తేలదు. జీఎస్టీ, రిజిస్ట్రేషన్ కలిపితే 24 లక్షల 37 వేలు అవుతుంది. మీ దగ్గరున్నది 20. ఇంకో నాలుగున్నర లక్షలు తక్కువ పడుతున్నాయి. ఇది తాళాలు చేతికొచ్చే నెలలో తెలిసి, పర్సనల్ లోన్ కోసం పరిగెత్తినవాళ్లను చాలామందిని చూశాను. మీరు ఆ పని చేయొద్దు.

తర్వాత ప్రీ ఈఎంఐ. బిల్డింగు లేస్తున్న కొద్దీ లోన్ విడతలుగా బిల్డరుకు వెళ్తుంది. ఇచ్చినంతవరకు వడ్డీ మాత్రమే మీరు కడతారు, అసలు ఒక్క రూపాయీ తగ్గదు. రెండేళ్లలో సగటున సగం డబ్బు విడుదలై ఉంటుందనుకున్నా 5 లక్షల 10 వేలు ఇలా పోతుంది. చివరి నెలల్లో ఈ వడ్డీయే 42 వేల దాకా వస్తుంది, పక్కన 17 వేల అద్దె ఎలాగూ ఉంది. మొదటి విడత నుంచే పూర్తి ఈఎంఐ మొదలుపెట్టే వీలుందా అని అడగండి. చాలాచోట్ల ఉంటుంది. కానీ అడిగితేనే చెప్తారు.

ఇక అసలు విషయం, వడ్డీ. మన ఊళ్లలో వడ్డీని నూటికి నెలకు ఎన్ని రూపాయలని చెప్పుకుంటాం కదా, ఆ లెక్కన 8.5 శాతం అంటే డెబ్భై పైసల వడ్డీ. రెండు రూపాయల వడ్డీకి నోటు రాసి తెచ్చుకున్న ఇళ్లలో పెరిగిన మనకు ఇది చాలా చౌకగా వినిపిస్తుంది. రేటు నిజంగా చౌకే. ఇది చక్రవడ్డీ కూడా కాదు, మిగిలిన అసలు మీదే లెక్క కడతారు. ఖరీదైనది రేటు కాదు, కాలం.

మొదటి నెల చూడండి. 60 లక్షల మీద ఆ నెల వడ్డీ 42,500. మీరు కట్టే 52,069లో అసలుకు జమయ్యేది 9,569 మాత్రమే. ఈఎంఐలో సగమైనా అసలుకు వెళ్లడం మొదలయ్యేసరికి దాదాపు 12 ఏళ్లు నిండుతాయి. ఐదేళ్లకు మీరు 31 లక్షలు కట్టి ఉంటారు, అప్పు తగ్గేది 7 లక్షలు. పదేళ్లకు కట్టింది 62 లక్షలు దాటుతుంది. అంటే తీసుకున్న అప్పంతా కట్టేసినట్టే. కానీ స్టేట్‌మెంట్ తీస్తే ఇంకా 42 లక్షలు బాకీ చూపిస్తుంది. మోసం ఏమీ లేదు, గణితం అంతే. తెలియక చూస్తే మాత్రం గుండె ఆగినంత పనవుతుంది.

20 ఏళ్లకు మొత్తం వడ్డీ 64 లక్షల 97 వేలు. 30 ఏళ్లకు 1 కోటి 6 లక్షలు. నెలకు 5,934 రూపాయల తేలిక కోసం 41 లక్షలు ఎక్కువ.

దీన్నే ఇంకో వైపు నుంచి చూడమంటాను, ఎందుకంటే నిర్ణయం అక్కడే ఉంది. 30 ఏళ్లకు వాళ్లు చెప్పిన ఈఎంఐ 46,135. అదే ఈఎంఐని 20 ఏళ్లు కడితే ఎంత లోన్ వస్తుంది? 53 లక్షల 16 వేలు. అంటే 60 లక్షలకు, దీనికి తేడా 6 లక్షల 84 వేలు. ఆ 6.84 లక్షలు అదనంగా తీసుకున్నందుకు మీరు నెలకు 46 వేల చొప్పున ఇంకో పదేళ్లు కడతారు. కూడితే 55 లక్షలు. రేపటి రూపాయికి ఇవాళ్టి రూపాయి విలువ ఉండదు, జీతాలు పెరుగుతాయి, నిజమే. అయినా ఆ పదేళ్లు ఏ పదేళ్లో చూడండి. ఇంట్లో దిగేసరికి మీ వారికి 38. ఇరవై ఏళ్లయితే 58కి అప్పు తీరుతుంది. ముప్పై అయితే 68. జీతం ఆగిపోయాక కట్టాల్సిన వాయిదాలవి.

కాబట్టి నా మాట ఇది: 20 ఏళ్ల ఈఎంఐ బరువనిపిస్తే గడువు పెంచకండి, అప్పు తగ్గించండి.

గడువు గురించి ఇంత గట్టిగా చెప్పడానికి ఇంకో కారణం ఉంది. మీరు తీసుకునేది ఫ్లోటింగ్ రేటు, అది 20 ఏళ్లూ 8.5 దగ్గరే ఉండదు. మా తమ్ముడు 2021లో 40 లక్షల లోన్ తీసుకున్నాడు, 6.75 శాతానికి, 20 ఏళ్లకు. ఈఎంఐ 30,415. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రిజర్వు బ్యాంకు రెపో రేటును (బ్యాంకులకు అది అప్పిచ్చే రేటు) 4 నుంచి 6.5 శాతానికి పెంచింది. వాడి రేటు 9.25కి వెళ్లింది. ఈఎంఐ మాత్రం మారలేదు, దాంతో వాడు పట్టించుకోలేదు. 2023లో ఒక ఆదివారం భోజనాల తర్వాత ఫోన్లో స్టేట్‌మెంట్ తెరిచి నా చేతికిచ్చాడు. 30,415 కట్టిన పక్కనే వడ్డీ కాలమ్‌లో 29 వేల చిల్లర. అసలుకు పడింది వెయ్యి చిల్లర. అదే ఈఎంఐతో ఎంతకాలం పడుతుందో నేను కాగితం మీద వేస్తే 35 ఏళ్లు దాటింది. వాడికప్పుడు 41. మరదలు ఆ అంకె చూసి గిన్నెలు సర్దడం ఆపి వచ్చి కూర్చుంది. ఆ వారమే ఈఎంఐ పెంచమని లెటరు పెట్టించాను.

2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఈ విషయంలో మంచి ఆదేశాలిచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంతా అన్నది మిమ్మల్ని అడగాలి. ఆ హక్కు వాడుకోండి. ఏటా ఏప్రిల్‌లో ఒకసారి స్టేట్‌మెంట్ తీసి మిగిలిన నెలలెన్నో చూడండి, ఈఎంఐ ఎంతో కాదు.

రేటు గురించి ఒక మాట. బ్యాంకులు 2019 అక్టోబర్ నుంచి ఇచ్చే ఫ్లోటింగ్ ఇంటి లోన్లను రెపో వంటి బయటి రేటుకు ముడిపెట్టాలి. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఆ నిబంధన లేదు, అవి తమ సొంత రేటు మీద నడుస్తాయి. రెపో తగ్గినా మీదాకా రావడానికి ఆలస్యం కావచ్చు. జీతం మీద బతికేవాళ్లు, సిబిల్ స్కోరు (పాత అప్పులు సరిగ్గా కట్టారా అని చూపే అంకె) బాగుంటే, ముందు రెండు మూడు బ్యాంకుల్లో అడగాలి. 8.5 బదులు 8 శాతం దొరికితే 20 ఏళ్లలో నాలుగున్నర లక్షలు మిగులుతాయి. అడిగేటప్పుడు కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ అనే కాగితం ఇమ్మనండి. ప్రాసెసింగ్ ఫీజు లాంటివన్నీ కలిపాక అసలు రేటు ఎంత పడుతుందో అందులో ఒకే అంకెగా ఉంటుంది. ఆ అంకెనే పోల్చుకోండి, బోర్డు మీద రేటును కాదు.

లోన్‌తో పాటు ఇన్సూరెన్స్ అంటగడతారు, జాగ్రత్త. లక్షన్నర సింగిల్ ప్రీమియం, ‘ఇప్పుడేం కట్టక్కర్లేదు, లోన్‌లో కలిపేస్తాం’ అంటారు. కలిపితే ఆ లక్షన్నర 20 ఏళ్లలో 3 లక్షల 12 వేలవుతుంది. లోన్ కోసం వాళ్ల పాలసీయే తీసుకోవాలన్న రూలేమీ లేదు. మీ ఇద్దరి పేరా విడిగా టర్మ్ పాలసీలు (మనిషి పోతే ఇంటివాళ్లకు డబ్బొచ్చే జీవిత బీమా) తీసుకోండి. ఇది మాత్రం మానకండి. మీ ఇల్లు రెండు జీతాల మీద నిలబడుతోంది.

పన్ను మినహాయింపును ఖర్చులోంచి పెద్దగా తీసేయొద్దు. కొత్త పన్ను విధానంలో సొంతంగా ఉండే ఇంటి వడ్డీకి మినహాయింపు లేదు. పాత విధానంలో ఉన్నా ఏడాదికి 2 లక్షల వరకే. మీకు మొదటి ఏడాది వడ్డీ 5 లక్షలు దాటుతుంది.

మరి ఇదంతా చూస్తే అద్దెకుండటమే మేలా? ఒట్టి డబ్బు లెక్కలో ప్రస్తుతానికి మేలే. మీ అద్దె ఏడాదికి 2 లక్షల 4 వేలు, మొదటి ఏడాది వడ్డీ అంతకు రెండున్నర రెట్లు. కానీ అద్దె ఏటా పెరుగుతుంది, ఓనరు ఖాళీ చేయమంటే పిల్లల స్కూలు మధ్యలో సామాన్లు కట్టుకోవాలి. సొంతిల్లు కావాలనుకోవడం తప్పు కాదు. నేను కూడా లోన్ మీదే కొన్నాను.

అప్పు తీసుకున్నాక కాలాన్ని తగ్గించుకునే మార్గం ముందే కట్టడం. ఫ్లోటింగ్ రేటు ఇంటి లోన్‌కు, వ్యక్తులు తీసుకున్నదైతే, ముందు కట్టినందుకు పెనాల్టీ వేయకూడదు. ఎప్పుడు కడతారన్నదే ముఖ్యం. మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అదనంగా కడితే మొత్తం మీద 3 లక్షల 85 వేల వడ్డీ తప్పుతుంది. అదే లక్షను 15 ఏళ్లు నిండాక కడితే తప్పేది 52 వేలు. పిల్ల పెళ్లయ్యాక, పెద్ద బోనస్ వచ్చాక చూద్దాం అనుకునేవాళ్లు నష్టపోయేది ఇక్కడే. ఏటా ఒక్క ఈఎంఐ ఎక్కువ కట్టినా 20 ఏళ్ల లోన్ 16 ఏళ్ల 9 నెలలకు తీరుతుంది, 12 లక్షలు మిగులుతాయి. జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐని ఏటా 5 శాతం పెంచుకుంటూ పోతే 12 ఏళ్ల 3 నెలలకే అయిపోతుంది, 23 లక్షలు మిగులుతాయి. కట్టేటప్పుడు ‘ఈఎంఐ అలాగే ఉంచి గడువు తగ్గించండి’ అని రాసి ఇవ్వండి. రాయకపోతే కొందరు ఈఎంఐ తగ్గించేస్తారు, మీరనుకున్నది జరగదు.

ఇప్పుడు మీ సంగతి. 52 వేల ఈఎంఐ మీ ఇద్దరి జీతంలో 42 శాతం. ఒక్క జీతం ఆగితే, అదీ మీ వారిదైతే, మీ 45 వేలతో ఆ వాయిదా కూడా కట్టలేరు. పైగా ఉన్న 20 లక్షలూ ఊడ్చి పెట్టేశాక చేతిలో ఏమీ మిగలదు. మీ స్థానంలో నేనుంటే 50 లక్షలకు మించి అప్పు చేయను. 20 ఏళ్లకు దాని ఈఎంఐ 43,391, మీ జీతంలో 35 శాతం లోపు. అదే ఏరియాలో 65 లక్షల లోపు చూడండి. ఓసీ (ఇంట్లో ఉండొచ్చన్న అనుమతి పత్రం) వచ్చిన రెడీ ఫ్లాటు దొరికితే జీఎస్టీ ఉండదు, ప్రీ ఈఎంఐ ఉండదు, కొన్న నెలలోనే అద్దె ఆగుతుంది. 65 లక్షల రెడీ ఫ్లాటుకు 15 లక్షల డౌన్ పేమెంట్, రిజిస్ట్రేషన్‌కు 4 లక్షల 87 వేలు. మీ 20 లక్షలతో సరిగ్గా సరిపోతుంది. కానీ ఊడ్చినట్టు సరిపోతుంది, అందుకే తొందరపడొద్దు. ఇంకో ఏడాది అద్దెలోనే ఉండి నెలకు 35 వేలు పక్కన పెట్టండి. ఆ 4 లక్షల 20 వేలు పది నెలల ఈఎంఐకి దగ్గర. దాన్ని బ్యాంకులో వేసి ముట్టుకోకండి.

ఈ బాచుపల్లి ఫ్లాటే కావాలని మనసు పడితే, ముందు బిల్డరు దగ్గర తెలంగాణ రెరా (రియల్ ఎస్టేట్ నియంత్రణ సంస్థ) నంబరు తీసుకుని చూడండి. అగ్రిమెంటు మీద సంతకం పెట్టే ముందు ధర కాకుండా ఇంకేమేం కట్టాలో, కార్పస్ ఫండ్ (అపార్ట్‌మెంటు నిర్వహణకు ముందే కట్టే నిధి), పార్కింగ్, క్లబ్‌హౌస్, కరెంటు మీటరు సహా, ఒకే కాగితం మీద రాయించుకోండి. ఆ కాగితం, లోన్ ఆఫరు రెండూ నాకు పంపితే మీ అంకెలతో మళ్లీ లెక్క వేసి చెప్తాను. బుకింగ్ అడ్వాన్సు ఇంకా ఇవ్వలేదంటే, ఈ లోపు ఇవ్వకండి.