అక్షరాలకు రంగులుంటే జబ్బేనా?

ప్రశ్న: మా అమ్మాయికి 17 ఏళ్లు, ఇంటర్ చదువుతోంది. 'క' ముదురు ఎరుపనీ, 'మ' మీగడ రంగనీ, 7 ఆకుపచ్చనీ అంటుంది. చిన్నప్పటి నుంచీ ఇంతేనట, అందరికీ ఇలాగే ఉంటుందనుకుందట. మా బావగారికి (మావారి అన్నగారికి) స్కిజోఫ్రీనియా ఉంది. అదే దీనికీ వస్తోందా? – ఒక తల్లి, గుంటూరు

జవాబు: లేదమ్మా, మీరు రాసింది సినస్తీషియాలా ఉంది. ఒక ఇంద్రియానికి అందినది మరో అనుభూతిని కూడా లేపడం అన్నమాట. జబ్బుల జాబితాల్లో దీనికి చోటే లేదు. బ్రిటన్‌లో చేసిన ఒక సర్వేలో నూటికి సుమారు నలుగురిలో ఏదో ఒక రకం కనిపించింది.

భ్రాంతికీ దీనికీ తేడా పుస్తకం మూస్తే తెలుస్తుంది. 'క' కంటబడితేనో, మనసులో మెదిలితేనో ఎరుపు, లేకపోతే లేదు. అచ్చు నల్లగానే ఉందని అమ్మాయికి తెలుసు. ఆ రంగు ఆమెను తిట్టదు, ఏ పనీ చెయ్యమనదు. స్కిజోఫ్రీనియాలో ఎక్కువగా వినిపించేవి గొంతులు. గదిలో ఎవరూ లేకపోయినా మాటలు వినబడతాయి, నిజమనే అనిపిస్తాయి.

పెదనాన్నకు ఆ జబ్బు ఉంటే పిల్లలకు ముప్పు కాస్త పెరుగుతుంది. మామూలుగా నూటికి ఒకరికి వచ్చేది, ఇలాంటి ఇళ్లలో ఇద్దరి నుంచి నలుగురికి రావచ్చు. రంగుల వల్ల ఆ లెక్క మారుతుందనడానికి గట్టి ఆధారం లేదు.

ఇంట్లోనే చూసుకోవచ్చు. అచ్చులు, హల్లులు, 0 నుంచి 9 వరకు అంకెలు కలగాపులగంగా రాసి, ఒక్కోదానికి ఫోన్‌లోని రంగుల పలకలో సరిపోయే రంగును వేలితో ఎంచుకోమనండి. 'ఎరుపు' అని నోటితో చెబితే సరిపోదు, ఆ మాటలో ఇరవై ఎరుపులు ఇమిడిపోతాయి. రంగు లేని అక్షరాన్ని ఖాళీగా వదలనివ్వండి, బలవంతపెడితే పరీక్ష చెడుతుంది. కాగితం దాచేసి, మళ్లీ అడుగుతానని చెప్పకుండా, మూడు నెలల తర్వాత వరస మార్చి అడగండి. సినస్తీషియా ఉన్నవాళ్లు నూటికి 90 దాకా అవే రంగులు చెబుతారు. లేనివాళ్లు వారానికే మూడో వంతు దగ్గర ఆగిపోతారు.

ఒక్క జాగ్రత్త. ఇలాంటిది పెద్దయ్యాక కొత్తగా మొదలైతే, ముఖ్యంగా ఫిట్స్, తలకు దెబ్బ, చూపు తగ్గడం, మత్తు మందుల తర్వాత వస్తే, న్యూరాలజిస్టుకు చూపించాలి.

ప్రశ్న: తమ్ముడికి 22. రెండు నెలలుగా హాస్టల్ గదిలో ఫ్యాను తిరిగితే తన పేరు పెట్టి తిడుతోందంటున్నాడు. ఆపితే ఆగుతుందట. స్నానం, నిద్ర తగ్గాయి. 'ఇది సినస్తీషియా, నెట్‌లో చదివాను' అంటాడు. – ఒక అక్క, కరీంనగర్

జవాబు: ఇది సినస్తీషియా కాదమ్మా, ఆలస్యం చేయకండి. ఫ్యాను చప్పుడు నిజమే, ఆ చప్పుడుతో పాటు మాటలు వినబడటమే భ్రాంతి. దీన్ని ఫంక్షనల్ హాలూసినేషన్ అంటారు. కుళాయి నీటి చప్పుడుతో వచ్చి, నీళ్లు ఆగితే పోయేవీ ఉంటాయి. 'బయటి చప్పుడేదో ప్రేరేపిస్తోంది కాబట్టి జబ్బు కాదు' అనుకుని చాలామంది మోసపోయేది ఇక్కడే. వినబడేది తన గురించిన తిట్టు, మొదలై రెండే నెలలు, పైగా నిద్రా స్నానమూ తగ్గాయి. ఈ మూడూ కలిస్తే సైకోసిస్, అంటే వాస్తవంతో సంబంధం తప్పే మానసిక స్థితి, అనుమానించాలి.

'నీకేం వినబడట్లేదు' అని వాదించొద్దు, 'అవును, నాకూ వినబడుతోంది' అనొద్దు. 'నీకు భయంగా ఉంది, డాక్టరు దగ్గరకు వెళ్దాం' అనండి. ఎప్పుడు మొదలైంది, ఎంత నిద్రపోతున్నాడు, గంజాయి అలవాటుందా, అన్నీ కాగితం మీద రాసి ఈ వారమే సైకియాట్రిస్టుకు చూపించండి. తాయెత్తు కట్టినా సరే, వైద్యం మాత్రం వాయిదా వేయొద్దు. మందులు బాగా పనిచేయడానికి కొన్ని వారాలు పట్టొచ్చు, తగ్గింది కదా అని సొంతంగా ఆపితే తిరగబెట్టే ప్రమాదం ఎక్కువ. ఆ గొంతు చావమనో చంపమనో చెబితే ఆ క్షణమే ఆసుపత్రికి తీసుకెళ్లండి. ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయ కేంద్రం టెలీ మానస్ 14416కు ఏ వేళైనా ఉచితంగా ఫోన్ చేయొచ్చు, తెలుగులో మాట్లాడతారు.

అతనికి చిన్నప్పటి నుంచి అక్షరాలకు రంగులు కూడా ఉంటే, ఆ సంగతి డాక్టరుకు విడిగా చెప్పండి. అప్పుడు వాటిని ఈ జబ్బు లక్షణాల్లో కలపరు, మందులతో రంగులు పోలేదని మోతాదూ పెంచరు.